వరస తప్పని దీపాలు

మా పెదమొగ రేవులో దీపాలు రెండు. పొట్టిది నీళ్ళ ఒడ్డున ఉంటుంది. పొడుగుది దాని వెనక, సరుగుడు తోట దాటాక, ఇసుక దిబ్బ మీద ఉంటుంది. సముద్రం మీంచి వచ్చేవాడికి ఆ రెండూ ఒకదాని నెత్తిన ఒకటి నిలబడినట్టు కనిపిస్తే వాడు సరైన దారిలో ఉన్నట్టు. పొడుగుది కుడికి తొలగి కనిపిస్తే వాడే కుడికి తప్పాడు. ఎడమకి తొలగితే ఎడమకి తప్పాడు. ఏరు సముద్రంలో కలిసే ఆ మొగలో లోతున్నది ఒక్క గీత మీదే. అటూ ఇటూ ఇసుక మేటలు. మేట ఎక్కిన బోటుని కెరటం పక్కకి పడదోస్తుంది. ఆ తర్వాత సంగతి గంగమ్మ తల్లి చూసుకుంటుంది.

పొడుగు దీపాన్ని మావాళ్ళు అత్త అంటారు. పొట్టిదాన్ని కోడలు అంటారు. అత్త ఎప్పుడూ వెనక నిలబడి కోడలి నెత్తిమీదుగా చూస్తుంది గనక. అత్తా కోడలూ ఒక్క వరసలో ఉంటే మొగుడు క్షేమంగా ఇంటికొస్తాడని మా రేవులో ఒక మాట.

ఈ రెండిటికీ కాపలావాణ్ణి నేను. అద్దాలు తుడవడం, వెలిగించడం, ఉప్పుగాలికి తుప్పెక్కకుండా రంగెయ్యడం. ఇందులో మాట్లాడవలసింది ఏమీ లేదు. పైవాళ్ళు ఏదైనా అంటే "ఆయ్" అంటాను. వాళ్ళకీ అంతకంటే అక్కర్లేదు.

కైవల్యమూర్తి గారు పోర్టు ఆఫీసరుగా వచ్చిన సాయంత్రం బంగళా వరండాలో కూర్చుని కాఫీ తాగుతూ దీపాలకేసి చూశారు. ఆ బంగళా రేవుకి బాగా పక్కగా, ఏటిగట్టు మీద ఉంటుంది. నన్ను పిలిపించారు. పక్కన ఇంజనీరు ఫణిభూషణం గారు నిలబడి ఉన్నారు.

"ఏమయ్యా, ఆ రెండు దీపాలూ ఒకే వరసలో ఉండాలా, అక్కర్లేదా?"

"ఉండాలండి."

"ఉన్నాయా?"

వరండాలోంచి చూస్తే పొట్టిది ఒక మూల, పొడుగుది ఇంకో మూల. "ఇక్కణ్ణించి లేవండి" అన్నాను.

"నేనున్నది ఇక్కడే కదా!"

ఇంజనీరు గారు గొంతు సవరించుకున్నారు. "సముద్రంలో ఒక గీత ఉంటుంది సార్. ఆ గీత మీద ఉన్నవాళ్ళకి..."

"ఫణిభూషణం గారూ, ఈ రేవుకి అధికారి ఎవరు? నేనా, ఆ గీతా?"

"తమరే సార్."

"మరి?"

ఇంజనీరు గారు మళ్ళీ దీపాలకేసి చూశారు. "వంకరే సార్. ఇన్నాళ్ళూ ఎవరూ గమనించలేదు గానీ, చాలా వంకర."

మర్నాడు లాంచీలో తనిఖీకి వెళ్ళారు. మొగలో అడ్డంగా పోతుంటే ఆఫీసరు గారు కుర్చీలోంచి కేక పెట్టారు. "ఆపు! ఆ వెనక దీపం కదులుతోంది!"

"మనం కదుల్తన్నామండి" అన్నాడు సరంగు, చుక్కాని వదలకుండా.

"నేను కుర్చీలో కూర్చుని ఉన్నాను. నేను కదిలే ప్రశ్నే లేదు."

ఆ సాయంత్రానికి నాకు మెమో వచ్చింది. "ఇందుమూలముగా తెలియజేయునది ఏమనగా, మీ సంరక్షణలో ఉన్న వెనుక దీపము ప్రభుత్వ స్థిరాస్తి అయి ఉండియు, అధికారివారు లాంచీలో ప్రయాణించు సమయమున కుడి నుండి ఎడమకును, ఎడమ నుండి కుడికిని అనుమతి లేకుండా సంచరించినది. ఇందుకు మీపై చర్య ఏల తీసుకొనరాదో తెలుపవలెను." నేను కూడబలుక్కుని చదివి, కింద "నేను తొయ్యలేదండి" అని రాసిచ్చాను. తోసినవారి పేరు దాచిపెట్టానని నా మీద ఇంకో మెమో వచ్చింది.

తర్వాత కమిటీ వేశారు. కమిటీవారు లాంచీలో సముద్రమంతా తిరిగి, చందువా చేప వేపుళ్ళు తిని, ఒక నివేదిక రాశారు. దాన్ని రేవులో మైకు పెట్టి చదివించారు. "ఇంత విశాలమైన సముద్రంలో కేవలం ఒక్క గీత మీద ఉన్నవారికి వరసలో కనిపించి, మిగిలిన యావత్తు సముద్రానికీ వంకరగా కనిపించే దీపం పక్షపాత దీపం. ఓడ దారి వెంట వెళ్ళాలనడం దొరల కాలం నాటి బానిస పద్ధతి. ఇకమీదట దారే ఓడ వెంట వెళ్తుంది. ఎవరు ఎక్కడ నుంచి చూసినా దీపాలు వరసలో కనిపించుటకు గాను 'సర్వత్ర సమరేఖా పథకం' సిఫార్సు చేయడమైనది."

చప్పట్లు కొట్టారు. నేనూ కొట్టాను.

సరుగుడు తోట నరికేసి దిబ్బ మీద అడ్డంగా రైలు పట్టాలు వేశారు. పొడుగు దీపం ఇనప చట్రాన్ని సిమెంటు దిమ్మ మీంచి కోసి చక్రాల మీదకి ఎక్కించారు. తొయ్యడానికి నలుగురు హమాలీలని ఇచ్చారు. ప్రారంభం రోజు పంతులు గారు చక్రాలకి పసుపు రాసి, కింద నిమ్మకాయలు పెట్టి తొక్కించి, కొబ్బరికాయ కొట్టారు. దీపానికి వాహనపూజ జరగడం నేను చూడ్డం అదే మొదలు.

పద్ధతి సులువు. మొగలోకి వచ్చే ఓడవాళ్ళు నాకు ఫోను చేసి "కుడికి" అంటారు, "ఇంకొంచెం" అంటారు, "చాలు" అంటారు. మేం తోస్తాం. వాళ్ళెక్కడుంటే అక్కడికి దీపాలు వరసలో కనిపిస్తాయి. అందరికీ సంతోషమే.

అందరికంటే సంతోషం ఆఫీసరు గారికి. ఆయనకి షుగరు ఉంది. సాయంత్రాలు నడవమని డాక్టరు చెప్పాడట. వరండాలో ఆ చివర నుంచి ఈ చివరకి నడుస్తూ, ఫోను చెవి దగ్గర పెట్టుకుని, "కుడికి... కుడికి... ఇప్పుడు ఎడమకి" అనేవారు. ఆయనతోపాటు దీపం నడిచేది.

"సుగరు ఆయనకీ, నడక మనకీనా?" అన్నాడు హమాలీల్లో పెద్దవాడు, చెమట తుడుచుకుంటూ.

ఒకరోజు ఆఫీసరు గారు పెరట్లో మామిడిచెట్టు దాకా నడిచారు. ఇక్కడ దిబ్బ మీద పట్టాలు అయిపోయాయి. పాత పక్షపాతం ఇంకా మిగిలి ఉన్నట్టు తేలింది. కాబట్టి పొట్టి దీపానికీ చక్రాలు పెట్టించారు. అత్త ఒక్కతే తిరుగుతుంటే కోడలు కదలకుండా కూర్చోవడం ఏం న్యాయమని ఇంజనీరు గారు కూడా అన్నారు.

తర్వాత ఇంకో చిక్కు వచ్చింది. ఒకే వేళకి ఇద్దరు చూస్తే ఎవరికి వరసలో పెట్టాలి? దానికీ సర్క్యులర్ వచ్చింది. "ఒకరికంటె ఎక్కువమంది వీక్షించు పక్షమున హోదాననుసరించి సమరేఖ కల్పించవలెను. ముందుగా అధికారులు, తదుపరి వారి అతిథులు, తదుపరి సరుకు ఓడలు. చేపల బోట్లకు వీలును బట్టి."

చేపల బోట్లు అంటే మావాళ్ళే. మా చెల్లెలు బంగారమ్మ కొడుకు కామేసుకి ఒక బోటుంది. పొద్దున్నే వేటకి పోయి మసక చీకటి వేళకి మొగలోకి తిరిగొస్తాడు. ఒక సాయంత్రం వాడికి వీలు దొరికింది. రెండు దీపాలూ తోసి వాడికి వరసలో పెట్టాను.

"మావా, వరసలోనే ఉన్నాయి గానీ" అన్నాడు ఫోనులో, "నేనెక్కడున్నానో నాకు తెలీటం లేదు."

"వరసలోనే ఉన్నావురా."

"అదే మావా నా బాద. ఎటు తిప్పినా వరసలోనే ఉంటన్నాను. మరి మేట ఎక్కడున్నట్టు?"

దానికి సర్క్యులర్‌లో జవాబు లేదు. ఆ పూట వాడు వెదురుగడతో లోతు పొడుచుకుంటూ, పాకుతున్నట్టు లోపలికొచ్చాడు. గాలి లేదు గనక వచ్చాడు.

అంతలో ఒక ఉప్పు బార్జీ నిక్షేపంగా వచ్చి మేట ఎక్కింది. విచారణ ఆఫీసరు గారే స్వయంగా చేశారు.

"మేట ఎక్కే ముందు దీపాలు వరసలో ఉన్నాయా?" అని బార్జీ నడిపేవాణ్ణి అడిగారు.

"ఉన్నాయండి."

"ఎక్కేటప్పుడు?"

"ఉన్నాయండి."

"ఎక్కాక?"

"అప్పుడింకా బాగా ఉన్నాయండి. బోటు కదల్లేదు గదండీ."

దీపాల తప్పు లేదు. బార్జీ తప్పు లేదు. ఇక మిగిలింది మేట. అది ప్రభుత్వ జలమార్గంలో అక్రమంగా ప్రవేశించినట్టు రుజువైంది. తక్షణమే ఖాళీ చేయవలెనని నోటీసు రాసి, మేట మీద వెదురు పాతి, దానికి అంటించి వచ్చాం. పోటు వచ్చి నోటీసు కొట్టుకుపోయింది. ఫైల్లో "నోటీసు అందుకొనబడినది" అని రాసుకున్నారు.

ఈ పథకం రాకముందు రోజూ ఏదో ఒక ఓడ అటో ఇటో తొలగిందని, మళ్ళీ సర్దుకుందని పుస్తకంలో రాసేవాళ్ళం. ఇప్పుడు నెల తర్వాత నెల "దారి తప్పిన ఓడలు: లేవు" అనే పోతోంది. ఈ కబురు రాజధానికి వెళ్ళింది. ఈ పథకాన్ని అన్ని రేవులకీ పంచుదామని డైరెక్టరు అమ్మగారు చూడ్డానికి వచ్చారు. ఆవిణ్ణీ ఇంజనీరు గారినీ లాంచీలో ఎక్కించుకుని, పొద్దుగూకే వేళకి ఆఫీసరు గారు సముద్రం మీదకి వెళ్ళారు.

ఆ సాయంత్రమే గాలి తిరిగింది. మొగలో కెరటాలు తెల్లగా విరుగుతున్నాయి. మిగిలిన బోట్లు వెలుగుండగానే ఒడ్డెక్కేశాయి. కామేసు ఒక్కడే ఇంకా బయట ఉన్నాడు.

మా చెల్లెలు పరుగెత్తుకుని దిబ్బ దగ్గరకి వచ్చింది. దానికి కాస్త ఎడంగా దాని కోడలు వీరలక్ష్మి వచ్చింది. ఎడంగా ఎందుకంటే వాళ్ళిద్దరికీ మాటల్లేవు. రుబ్బురోలు పెరటి గుమ్మం దగ్గరుండాలని అత్త. చూరుకింద ఉండాలని కోడలు. ఎన్ని పంచాయితీలు పెట్టినా ఇద్దరూ వీసమెత్తు జరగలేదు.

"అన్నయ్యా, మావోడింకా రాలేదు. ఈ దీపాల్ని పాత చోట నిలబెట్టు" అంది బంగారమ్మ.

"కుదరదు. పెద్దాళ్ళు నీళ్ళమీదున్నారు."

"నీ మేనల్లుడు ఏ నీళ్ళమీదున్నాడు? కుడితి గోళెంలోనా?"

ఫోను మోగింది. "ఎడమకి" అన్నారు ఆఫీసరు గారు. హమాలీలు తోశారు.

మా చెల్లెలు కదిలిపోతున్న దీపాన్ని చూసింది, నన్ను చూసింది. "మూడో క్లాసు సదివినోడివి, నీకే ఇంత సర్కారు బక్తి ఉంటే, పదో క్లాసు సదివుంటే ఊరందర్నీ ముంచేద్దువు!"

నేను నా కాపలా గుడిసెలోకి వెళ్ళి, కరెంటు పోయినప్పటికని దాచిన పెట్రోమాక్సులు రెండూ వెలిగించి తెచ్చాను. దాని ముందు పెట్టి, "పాత దిమ్మల మీద బోల్టులు పొడుచుకుని ఉన్నాయి. ఎవరైనా ఎక్కితే కాళ్ళు జాగ్రత్త" అన్నాను.

అది ఓ క్షణం నన్ను చూసింది. తర్వాత చీర కుచ్చెళ్ళు బొడ్లో దోపుకుంది. చేపల తట్టలో ఒక దీపం పెట్టి, నెత్తిన చుట్టకుదురు వేసుకుని, తట్ట ఎత్తుకుని దిబ్బ మీద పాత దిమ్మ ఎక్కింది.

"దాన్ని కింది దిమ్మెక్కి నిలబడమని చెప్పు" అంది నాతో.

"నిలబడతానని చెప్పండి మావా" అంది వీరలక్ష్మి, రెండో తట్ట ఎత్తుకుంటూ. "ఆవిణ్ణి తల వంచకుండా నిలబడమనండి."

"నేనా తల వంచేది? అడుగు దాన్ని!"

ఒడ్డున పొట్టి దీపం ఉండే దిమ్మ మీద కోడలు నిలబడింది. దిబ్బ మీద అత్త నిలబడింది. గాలికి చీరలు కొట్టుకుంటున్నాయి గానీ నెత్తిమీద తట్టలు చలించలేదు. ఇన్నేళ్ళు సంతకి చేపలు మోసిన తలలవి.

లాంచీలో ఏం జరుగుతోందో నాకు ఫోనులో వినబడుతూనే ఉంది.

"చూశారా మేడమ్, కుడికి తిరిగాం, వరసలో ఉన్నాయి. ఎడమకి తిరిగాం, వరసలో ఉన్నాయి. మనం ఎటు వెళ్ళినా సరైన దారిలోనే ఉన్నట్టు!"

"బాగుంది. ఇప్పుడు ఒడ్డుకి ఎటు వెళ్ళాలి?"

"ఎటైనా మేడమ్."

సరంగు ఏదో అనబోయాడు. అంతలో పెద్ద చప్పుడైంది. ఆ తర్వాత ఇంజను ఆగిపోయి, కెరటాలు లాంచీని బాదడం వినిపించింది.

"ఏమయ్యా!" అన్నారు ఆఫీసరు గారు ఫోనులో. "దీపాలు వరసలోనే పెట్టావా?"

"ఆయ్. తమరికి ఎలా ఉన్నాయండి?"

"వరసలోనే ఉన్నాయి. అయితే మనం మేట మీద లేము. కానీ ఆ పక్కన ఇంకో రెండు తెల్ల దీపాలేమిటి? చండాలంగా, వంకరగా! జరపమను వాటిని!"

"జరగరండి."

"ఎవరు వాళ్ళు?"

"అత్తాకోడళ్ళండి."

"నా ఆర్డరని చెప్పు!"

చెప్పాను. "ఆఫీసరు గారు జరగమంటున్నారు" అని దిబ్బ మీదకి కేకేశాను.

"ముందు దాన్ని జరగమను. దానిదే వంకర!" అంది బంగారమ్మ.

ఒడ్డుకి కేకేశాను. "రుబ్బురోలు చూరుకింద పెడతానంటే జరుగుతానని చెప్పండి!" అంది వీరలక్ష్మి.

"జరగరటండి" అన్నాను ఫోనులో.

అప్పుడు చీకట్లోంచి కామేసు బోటు వచ్చింది. ఆ రెండు తెల్ల దీపాలనీ ఒకదాని నెత్తిన ఒకటి పెట్టుకుని, చుక్కాని బిగించి పట్టుకుని, తిన్నగా మొగలోకి దూరాడు. వాడి దారి లాంచీ పక్కగానే పోతుంది.

"ఏయ్!" ఆఫీసరు గారు కెరటాల మీంచి అరిచారు. "దారి తప్పావు! ప్రభుత్వ దీపాలు చూసుకో, నీకు వంకరగా కనిపిస్తాయి!"

"ఆయ్, వంకరగానే ఉన్నాయండి" అన్నాడు కామేసు. "తాడు ఇసురుతున్నాను, అందుకోండి."

"వరస తప్పిన బోటు తాడు అధికారి పట్టుకుంటే రికార్డులో ఏమని రాయాలి?"

ఆయన ఆ మాట పూర్తి చేసేలోపలే, లాంచీ దీపం వెలుగులో నేను చూస్తుండగానే, డైరెక్టరు అమ్మగారు చెప్పులు వదిలేసి, తాడు పట్టుకుని, కామేసు బోటులోకి దూకారు. వెనకే ఇంజనీరు గారు దూకారు. వెనకే సరంగు. ఆఫీసరు గారొక్కరే కుర్చీ పట్టుకుని, పక్కకి ఒరుగుతున్న లాంచీలో మిగిలారు.

నేను సర్క్యులర్ గుర్తు తెచ్చుకున్నాను. హోదాననుసరించి అని ఉంది. ఇప్పుడు నీళ్ళ మీద అందరికంటే పెద్ద హోదా కామేసు బోటులో ఉంది.

"తొయ్యండ్రా, పాత చోటుకి" అన్నాను.

హమాలీలు ఎన్నడూ తొయ్యనంత హుషారుగా తోశారు. అత్త దీపం వచ్చి మా చెల్లెలి వెనక నిలబడింది. కోడలు దీపం వెళ్ళి వీరలక్ష్మి పక్కన నిలబడింది. నాలుగు దీపాలూ ఒక్క వరసయ్యాయి.

"ఏమయ్యా! ఏమయ్యా!" ఫోనులో ఆఫీసరు గారి గొంతు మారిపోయింది. "నాకు వంకరగా కనిపిస్తున్నాయి!"

"ఆయ్. తమరు దారి తప్పారండి."

తర్వాత, "ఒరే బాబూ, ఆ తాడు ఇటు విసురు" అన్నారు ఎవరితోనో.

కామేసు అందర్నీ ఒడ్డున దించాడు. బోటులో చేపల మధ్య కూర్చుని వచ్చినందుకు డైరెక్టరు అమ్మగారి చీర వాసనేసింది గానీ, ఆవిడ దులుపుకోనైనా లేదు. తిన్నగా వీరలక్ష్మి దగ్గరకి వెళ్ళి నెత్తిమీద తట్ట చూశారు. తర్వాత దిబ్బ మీద బంగారమ్మని చూశారు.

"వీళ్ళని జరపడం సాధ్యం కాదా?" అని అడిగారు.

"కాదండి" అన్నాను.

"ఎవరు చెప్పినా?"

"దేవుడు చెప్పినా జరగరండి."

ఆవిడ చాలాసేపు ఆలోచించారు. దీపాల చక్రాలు తీసేయించాలంటే పథకంలో అందుకు నిబంధన లేదట. అందుకని అవి ఇప్పటికీ పట్టాల మీదే ఉన్నాయి. ఆఫీసరు గారు వరండాలో నడిస్తే నడుస్తాయి, కూర్చుంటే ఆగుతాయి. ఆయన షుగరు బాగా తగ్గిందంటున్నారు. బోట్ల కోసం మాత్రం రాజధాని నుంచి వేరే ఆర్డరు వచ్చింది. అత్త పోస్టు ఒకటి, కోడలు పోస్టు ఒకటి మంజూరయ్యాయి. మా చెల్లెలికీ వీరలక్ష్మికీ ఇచ్చారు. ఆర్డరులో ఒకే షరతు ఉంది: "అభ్యర్థులు పరస్పరము మాటలు లేనివారై, ఒకరి కొరకు మరొకరు జరగని స్వభావము కలవారై ఉండవలెను. సఖ్యత ఏర్పడినచో నియామకము రద్దగును."

ఆ ఆర్డరు ఇంకా రాకముందే, మొగలోంచి కామేసు వచ్చిన మర్నాడు పొద్దున్నే నేను వాళ్ళింటికి వెళ్ళాను. రుబ్బురోలు గుమ్మం దగ్గరా లేదు, చూరుకిందా లేదు. రెంటికీ మధ్యలో ఉంది. అత్త రుబ్బుతోంది, కోడలు పప్పు తోస్తోంది. నన్ను చూసి ఇద్దరూ గబుక్కున మొహాలు తిప్పుకున్నారు.

నెలనెలా పోర్టు ఆఫీసు నుంచి తనిఖీకి వస్తారు. వాళ్ళింకా మాట్లాడుకోవడం లేదు కదా అని నన్ను అడుగుతారు.

"ఆయ్" అంటాను.